తెలుగు కథానాయకుడు – హాలీవుడ్ అభినయరీతులు: స్వీకారం, నిరాకరణ

వ్యాససంగ్రహం

హాలీవుడ్ ప్రధాన నటుల ఆకర్షణ తెలుగు సినిమాను దాదాపు ఎనిమిది దశాబ్దాలుగా అంటిపెట్టుకొని ఉంది. ఈ సంబంధాన్ని విమర్శకులు సాధారణంగా ‘అనుకరణ’ అనే ఒక్క మాటతో ముగిస్తారు. ఆ మాట ఎంతవరకు సరైనదో ఈ వ్యాసం పరిశీలిస్తుంది. చిత్తూరు నాగయ్యను పాల్ మ్యూనీతో పోల్చడం, ‘గూఢచారి 116’ (1966)లో జేమ్స్ బాండ్ తరహా నాయకుని అవతరణ, ‘మోసగాళ్ళకు మోసగాడు’ (1971)లో క్లింట్ ఈస్ట్‌వుడ్ తరహా కౌబాయ్ రూపం అనే మూడు సందర్భాలను ఇందుకు ఎంచుకుంది. భరతుని చతుర్విధాభినయ విభాగమే ఇక్కడ కొలమానం. ఆహార్యాన్నీ ఆంగికాన్నీ తెలుగు తెర ఉదారంగా స్వీకరించిందని, వాచికాన్ని మాత్రం తన నాటక సంప్రదాయం నుండే తెచ్చుకుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: తెలుగు సినిమా, చతుర్విధాభినయం, హాలీవుడ్, చిత్తూరు నాగయ్య, కృష్ణ, ఆరుద్ర, కౌబాయ్ చిత్రాలు, అనుకరణ.

1. ప్రవేశిక

రంగారెడ్డి జిల్లాలోని ఇబ్రహీంపట్నం పేరు చెప్పగానే తెలుగు సాహిత్య విద్యార్థికి ఇబ్రహీం కుతుబ్ షా గుర్తుకు వస్తాడు. అద్దంకి గంగాధర కవి వంటి తెలుగు కవులను ఆదరించి, కావ్యాలలో ‘మల్కిభరాము’డై నిలిచిన గోలకొండ సుల్తాను ఆయనే. ఊరి పేరుకూ అక్కడి పెద్ద చెరువుకూ ఆయన కాలమే మూలం. పరభాషా ప్రభువు తెలుగు కావ్యానికి కృతిపతి అయినంత మాత్రాన ఆ కావ్యాన్ని పరాయిదని ఎవరూ అనలేదు. సినిమా విషయానికి వచ్చేసరికి ఈ ఔదార్యం తగ్గిపోతుంది. తెలుగు నాయకుడు టోపీ పెట్టుకొని గుర్రమెక్కితే అతడు ‘నకలు’ అనిపించుకుంటాడు.

ఇదే ఇబ్రహీంపట్నం ప్రాంతంలో, అబ్దుల్లాపూర్‌మెట్ మండలం అనాజ్‌పూర్ వద్ద 1996లో రామోజీ ఫిల్మ్‌సిటీ ఏర్పడింది. 1,666 ఎకరాల విస్తీర్ణంతో ప్రపంచంలోనే అతిపెద్ద చిత్రనిర్మాణ ప్రాంగణంగా అది గిన్నిస్ గుర్తింపు పొందింది. ‘బాహుబలి’ (2015, 2017) మాహిష్మతి ఇక్కడే నిర్మితమైంది. మెల్ గిబ్సన్ కథానాయకుడిగా నటించి దర్శకత్వం వహించిన ‘బ్రేవ్‌హార్ట్’ (1995) తనపై చూపిన ప్రభావాన్ని దర్శకుడు ఎస్.ఎస్. రాజమౌళి పలుమార్లు ప్రస్తావించారు. ఆ ప్రభావం ఉందన్నది వివాదాంశం కాదు. అది తెలుగు నటుని దేహంలోకీ గొంతులోకీ వచ్చేసరికి ఏమయిందన్నదే చరిత్రకారుడు అడగవలసిన ప్రశ్న. అందుకు సమాధానం మాహిష్మతికి చాలాముందే, మద్రాసు స్టూడియోల కాలంలోనే మొదలవుతుంది.

2. హాలీవుడ్ అభినయరీతులు – చతుర్విధాభినయ దృష్టి

హాలీవుడ్ నటన ఒకే రీతి కాదు. ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్వికం అనే విభాగంతో చూస్తే అందులో కనీసం నాలుగు మార్గాలు వేరుపడతాయి.

మొదటిది వ్యక్తిత్వ ప్రధానమైన నటన. గ్యారీ కూపర్, క్లార్క్ గేబుల్, హంఫ్రీ బోగార్ట్, కేరీ గ్రాంట్ వంటివారు పాత్ర ఏదైనా తమ నడకనూ చూపునూ మాటతీరునూ పెద్దగా మార్చుకోలేదు. ప్రేక్షకుడు పాత్రతో పాటు నటుని కోసం కూడా వచ్చేవాడు. స్టూడియోల తారా వ్యవస్థ ఈ స్థిరత్వాన్నే పెట్టుబడిగా మలచుకుంది. రెండవది రూపాంతర ప్రధానమైన నటన. పాల్ మ్యూనీ దీనికి ప్రతినిధి. ఇక్కడ ఆహార్యమే సాత్వికానికి ద్వారం. మూడవది స్టానిస్లావ్‌స్కీ బోధనల నుండి అమెరికాలో రూపొందిన ‘మెథడ్’ మార్గం. 1947లో స్థాపితమైన యాక్టర్స్ స్టూడియో దీనికి కేంద్రం. ‘ఎ స్ట్రీట్‌కార్ నేమ్డ్ డిజైర్’ (1951), ‘ఆన్ ది వాటర్‌ఫ్రంట్’ (1954) చిత్రాలలో మార్లన్ బ్రాండో దీనికి లోకప్రసిద్ధమైన ముఖమయ్యారు. తడబడే, నసిగే మాట కూడా ఇక్కడ సాత్వికానికి సాధనమైంది. నాలుగవది మితాభినయం. ఈస్ట్‌వుడ్ వంటి నటుల మౌనం, కనురెప్పల కదలిక, నిలుచున్న తీరు ఈ మార్గానికి ప్రాణం.

ఈ నాలుగింటిలో దేనిని తెలుగు తెర తీసుకున్నది, దేనిని వదిలేసింది అన్న ఎంపికలోనే ఒక సంస్కృతి అభిరుచి బయటపడుతుంది.

3. పూర్వరంగం: పద్యనాటక వాచికం

తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932లో విడుదలయింది. అప్పటి నటులు రంగస్థలం నుండి వచ్చినవారే. పద్యనాటకంలో నటుని ఘనత ప్రధానంగా అతని గొంతులో ఉండేది. చివరి వరుసలోని ప్రేక్షకునికి వినిపించే ఉచ్చారణ, రాగాలాపన, పద్యాన్ని విరిచి అర్థాన్ని తెరిచే నేర్పు – ఇవే మెప్పుకు కొలతలు.

ఈ సంప్రదాయంలోనే దానిపై తిరుగుబాటు కూడా పుట్టింది. బళ్ళారి రాఘవ (1880–1946) పద్యాలను రాగయుక్తంగా సాగదీయడాన్ని నిరసించి, పాత్ర మనఃస్థితికి తగిన సహజ ఉచ్చారణను సమర్థించారు. ఆంగ్ల నాటకరంగంతో ఆయనకు ప్రత్యక్ష పరిచయం ఉంది. ‘ద్రౌపదీ మానసంరక్షణము’ (1936), ‘రైతుబిడ్డ’ (1939) చిత్రాలలో నటించినా, ఆయన ప్రతిభకు ప్రధాన వేదిక నాటకరంగమే. సహజ నటన అనే భావన తెలుగువారికి హాలీవుడ్ ద్వారానే వచ్చిందన్న అభిప్రాయాన్ని రాఘవ జీవితం ఖండిస్తుంది. సినిమా రాకముందే ఆ చర్చ ఇక్కడ మొదలైంది. సమీప దృశ్యం, మైక్రోఫోను వచ్చి దానికి సాంకేతిక అవసరాన్ని కల్పించాయి. కెమెరా ముఖానికి దగ్గరగా వచ్చాక కనుబొమ చేసే పనికి చేయి ఎత్తనక్కరలేదు. మైకు దగ్గరగా ఉన్నప్పుడు గుసగుస కూడా వినిపిస్తుంది.

4. నాగయ్య – పాల్ మ్యూనీ: ఒక పోలికలోని గౌరవం, లోపం

చిత్తూరు వి. నాగయ్య (1904–1973)ను ‘భారతదేశపు పాల్ మ్యూనీ’ అనడం పరిపాటి. ‘ఫిల్మ్ ఇండియా’ పత్రిక సంపాదకుడు బాబూరావ్ పటేల్ పేరిట ఈ ప్రశంస ప్రచారంలో ఉంది. దక్షిణాది నటునికి అది పెద్ద గౌరవమే. అయితే ఆ పోలికకు ఆధారమేమిటో విమర్శ లోతుగా విచారించలేదు.

పాల్ మ్యూనీ 1895లో నాటి ఆస్ట్రియా-హంగేరీలోని లెంబర్గ్‌లో జన్మించి, అమెరికాలోని యిడ్డిష్ నాటకరంగంలో ఎదిగారు. బాల్యంలోనే ముసలి పాత్రలు ధరించి, రంగులద్దుకొని వేరే మనిషిగా మారే విద్యను అక్కడే నేర్చారు. ‘ది స్టోరీ ఆఫ్ లూయీ పాశ్చర్’ చిత్రానికి 1936 సంవత్సరపు ఉత్తమ నటునిగా ఆస్కార్ అందుకున్నారు. ‘ది లైఫ్ ఆఫ్ ఎమిల్ జోలా’ (1937), ‘వారెజ్’ (1939) చిత్రాలతో చారిత్రక వ్యక్తులకు తెరపై ప్రాణం పోసే నటునిగా స్థిరపడ్డారు.

నాగయ్య జీవితరేఖ దీనికి సమాంతరంగా సాగింది. ఆయన కూడా రంగస్థలం నుండే వచ్చారు. ‘గృహలక్ష్మి’ (1938)తో తెరకు పరిచయమై, ‘వందేమాతరం’ (1939), ‘సుమంగళి’ (1940), ‘దేవత’ (1941) వంటి సాంఘికాలలో నటించారు. ఆపై ‘భక్త పోతన’ (1943), స్వీయ దర్శకత్వంలోని ‘త్యాగయ్య’ (1946), ‘యోగి వేమన’ (1947) అనే మూడు జీవితచరిత్రాత్మక చిత్రాలు ఆయన కీర్తికి శిఖరాలయ్యాయి. రూపాన్ని మార్చుకోవడం, మహనీయుని జీవితాన్ని మానవీయంగా చూపడం, ఆవేశాన్ని అణచి పలికించడం – ఇవన్నీ ఇద్దరిలోనూ ఉన్నాయి.

అయినా ఇది అనుకరణ కాదు. రెండు వేర్వేరు నాటకరంగాలు, ఒకే కాలపు సాంకేతిక పరిస్థితులలో, చేరువగా ఉన్న రెండు ఫలితాలకు దారితీశాయి. భేదం చూడాలంటే వాచికం దగ్గర ఆగాలి. మ్యూనీకి న్యాయస్థానంలో ప్రసంగం పరాకాష్ఠ. నాగయ్యకు పరాకాష్ఠ గానం. పోతన, త్యాగయ్య, వేమన ముగ్గురూ వాక్కుతో జీవించినవారు. వారి అంతరంగం పద్యంగా, కీర్తనగా, ఆటవెలదిగా తెలుగు ప్రేక్షకునికి అప్పటికే కంఠస్థం. నటుడు స్వయంగా గాయకుడు, సంగీతజ్ఞుడు కావడంతో అభినయానికీ గానానికీ నడుమ అతుకు కనిపించదు. వేమన భోగి నుండి యోగిగా మారే క్రమంలో ఆహార్యం ఎంత మారుతుందో గొంతులోని శ్రుతి కూడా అంత మారుతుంది. మ్యూనీ పేరు నాగయ్య రూపాంతర శక్తిని వివరిస్తుంది గాని గాత్రాభినయాన్ని వివరించలేదు. ప్రశంసగా మొదలైన పోలిక, ఆ గాత్రాభినయాన్నే కప్పివేసింది.

5. గూఢచారి: కొత్త యువకుని ఆహార్యం

నాగయ్య సందర్భంలో సాదృశ్యం ఉంది, స్వీకారం లేదు. 1960లలో స్వీకారం బాహాటంగా మొదలైంది. ‘డాక్టర్ నో’ (1962) నుండి షాన్ కానరీ ధరించిన జేమ్స్ బాండ్ పాత్ర ప్రపంచమంతటా వ్యాపించింది. బ్రిటిష్ నిర్మాణం, అమెరికన్ పెట్టుబడి, స్కాట్లాండ్ నటుడు కలిసిన ఈ రూపాన్ని మన ప్రేక్షకుడు ‘ఇంగ్లీషు సినిమా హీరో’గానే గుర్తించాడు.

డూండీ నిర్మాణంలో, ఎం. మల్లికార్జునరావు దర్శకత్వంలో 1966లో వచ్చిన ‘గూఢచారి 116’ ఆ రూపాన్ని తెలుగులోకి తెచ్చింది. అంతకుముందు ‘తేనె మనసులు’ (1965)లో కథానాయకుడిగా పరిచయమైన కృష్ణ ఇందులో గూఢచారి అయ్యారు. 116 అన్న సంఖ్య బ్రిటిష్ 007 కంటే ఫ్రెంచి ‘ఓ.ఎస్.ఎస్. 117’కు దగ్గరగా వినిపించడం గమనార్హం. ఆ ఫ్రెంచి గూఢచారి నవలలు 1949లోనే, అంటే ఇయాన్ ఫ్లెమింగ్ తొలి బాండ్ నవల ‘క్యాసినో రాయల్’ (1953) కంటే ముందే మొదలయ్యాయి. ఏది అసలు, ఏది నకలు అన్న ప్రశ్న ఐరోపాలోనే అంత తేలికైనది కాదు.

తెలుగు ప్రేక్షకుడు ఈ పాత్రకు సిద్ధంగా ఉండడానికి స్థానిక కారణం కూడా ఉంది. కొమ్మూరి సాంబశివరావు సృష్టించిన డిటెక్టివ్ యుగంధర్ అప్పటికే తెలుగు పాఠకుల ఇళ్ళలో తిరుగుతున్నాడు. పాకెట్ నవల తయారు చేసిన ఊహకు తెర ఒక దేహాన్ని ఇచ్చింది.

ఇందులో స్వీకరించినవి సూటు, తుపాకీ, పరుగు, వాహనాల వెంబడింపు. అంటే ఆహార్యం, ఆంగికం. స్వతంత్ర భారతంలో చదువుకున్న యువకుని వేగానికీ ఆధునికతకూ ఇవి చిహ్నాలయ్యాయి. వదిలేసినది బాండ్ పాత్రలోని నిర్లిప్తత. కానరీ మాటలలోని వ్యంగ్యపు చలువకు ఇక్కడ చోటు దొరకలేదు. ఆ స్థానంలో పాటలు, ప్రణయం, దేశభక్తి వచ్చాయి. ఈ రూపాంతరమే హిందీకి వెళ్ళింది. ‘గూఢచారి 116’ ఛాయాగ్రాహకుడు రవికాంత్ నగాయిచ్ దర్శకత్వంలో జితేంద్ర నాయకుడిగా ‘ఫర్జ్’ (1967) వచ్చింది. ప్రభావం పడమటి నుండి తూర్పుకు ఒకే దారిలో ప్రవహిస్తుందన్న నమూనాకు ఇది నిలవదు. తెలుగు చిత్రం ఇక్కడ స్వీకర్త మాత్రమే కాదు, మూలం కూడా.

6. కౌబాయ్: మౌనానికి మాట నేర్పిన చిత్రం

6.1 మూలం ఎక్కడ?

పద్మాలయా సంస్థ నిర్మించిన ‘మోసగాళ్ళకు మోసగాడు’ 1971 ఆగస్టు 27న విడుదలయింది. దర్శకుడు కె.ఎస్.ఆర్. దాస్, ఛాయాగ్రాహకుడు వి.ఎస్.ఆర్. స్వామి, సంగీతం పి. ఆదినారాయణరావు, రచన ఆరుద్ర. బికనేర్ ఎడారి అమెరికా పశ్చిమ ప్రాంతానికి ప్రతిరూపమైంది. ఈస్ట్‌వుడ్ నటించిన ‘డాలర్’ చిత్రత్రయం (1964, 1965, 1966), గ్రెగరీ పెక్ నటించిన ‘మెకన్నాస్ గోల్డ్’ (1969) దీనికి ప్రేరణలన్నది అందరికీ తెలిసిన విషయమే.

ఆ ప్రేరణల చరిత్ర మాత్రం అంతగా చర్చకు రాదు. ‘డాలర్’ చిత్రాల దర్శకుడు సెర్జియో లియోనీ ఇటలీవాడు. చిత్రీకరణ ఎక్కువగా స్పెయిన్‌లో జరిగింది. త్రయంలోని మొదటి చిత్రానికి అకిరా కురొసావా తీసిన జపాన్ చిత్రం ‘యొజింబో’ (1961) ఆధారం. అది వ్యాజ్యానికి కూడా దారితీసింది. హాలీవుడ్ మహానటునిగా ప్రపంచం తలచే ఈస్ట్‌వుడ్ ప్రతిమ ఇలా జపాన్ సమురాయ్ నుండి, ఇటలీ దర్శకుని చేతుల మీదుగా, స్పెయిన్ ఎడారిలో తయారై, 1967లో అమెరికాకు చేరింది. బికనేర్ ఎడారిలో తెలుగు కౌబాయ్ నిలబడడం ఆ ప్రయాణంలో తరువాతి మజిలీ. దానిని ‘నకలు’ అని కొట్టిపారేస్తే ఈస్ట్‌వుడ్‌కూ అదే మాట వర్తించవలసి ఉంటుంది.

6.2 మౌనం – మాట

ఈస్ట్‌వుడ్ తన సంభాషణలను తానే తగ్గించుకున్నారు. నోట చుట్ట, భుజాన పాంచో, ముడుచుకున్న కళ్ళు మిగిలిన పని చేశాయి. పంపిణీ సంస్థ ఆ పాత్రను ‘పేరులేని మనిషి’ అని ప్రచారం చేసింది. వాచికాన్ని దాదాపు శూన్యం చేసి, దాని స్థానంలో ఎన్నియో మొర్రికోనె సంగీతాన్ని నిలిపిన నటన అది.

తెలుగు చిత్రం టోపీని, గుర్రాన్ని, తుపాకీని, ఎండలో ముడుచుకున్న చూపును తీసుకుంది. ఊరూ పేరూ లేనితనాన్ని తీసుకోలేదు. తెలుగు నాయకునికి కృష్ణప్రసాద్ అనే పేరు ఉంది, ప్రేమ ఉంది, పాట ఉంది. ‘సమగ్రాంధ్ర సాహిత్యం’ రచించిన పండితుడు, కవి అయిన ఆరుద్ర, ఆ కథను సంస్థానాలు, ఆంగ్లేయుల నాటి మన చరిత్రలోకి మళ్ళించారు. అమెరికా అంతర్యుద్ధం, బంగారపు వేట స్థానంలో సంస్థానపు నిధి వచ్చింది. నిధి, గుర్రం, మోసానికి ప్రతిమోసం – ఇవి తెలుగు ప్రేక్షకునికి కొత్త కావు. ‘పాతాళభైరవి’ (1951) నుండి విఠలాచార్య చిత్రాల వరకు, కాంతారావు కత్తియుద్ధాల వరకు జానపద చిత్రం ఇదే అలవాటు చేసింది. ప్రేక్షకుడు ఈ కౌబాయ్‌ని తుపాకీ పట్టిన జానపద నాయకునిగా పోల్చుకున్నాడు.

వాచికం విషయంలో అన్నిటికంటే విశేషమైనది నాగభూషణం ధరించిన ‘నక్కజిత్తుల నాగన్న’ పాత్ర. లియోనీ చిత్రంలో ఎలై వాలక్ ధరించిన వాచాలుడైన ట్యూకోకు ఇది దీటైన పాత్ర. ‘రక్తకన్నీరు’ నాటకంతో ఊరూరా మారుమోగిన గొంతు నాగభూషణంది. వ్యంగ్యం, సాగదీత, విరుపు కలిసిన ఆ రంగస్థల వాచికం నేరుగా కౌబాయ్ చిత్రంలోకి నడిచి వచ్చింది. పక్కన ఇంత మాట ఉండడం వల్లనే కృష్ణ మితాభినయానికి అర్థం ఏర్పడింది. పద్యనాటక ప్రమాణాలతో తూచితే పరిమితిగా కనిపించే ఆయన సూటి ఉచ్చారణ, ఈ చిత్రంలో పాత్రోచితమైన పొదుపుగా మారింది. హాలీవుడ్ నమూనా ఆయనకు చేసిన అసలు మేలు ఇదే: గంభీర సంభాషణ లేకుండానే నాయకుడు నిలబడగలడని తెలుగు తెరపై అది రుజువు చేసింది. మూడేళ్ళకు వచ్చిన ‘అల్లూరి సీతారామరాజు’ (1974)లో అదే నటుడు, అదే సంస్థ, స్వాతంత్ర్య యోధుని గాథను తొలి తెలుగు సినిమాస్కోప్ చిత్రంగా నిలిపారు.

7. కాలాన్ని దాటిన ఆకర్షణకు కారణాలు

కౌబాయ్ రూపం ‘కొదమసింహం’ (1990)లో చిరంజీవికి, ‘టక్కరి దొంగ’ (2002)లో మహేశ్‌బాబుకు వచ్చింది. గూఢచారి రూపం ‘గూఢచారి’ (2018)లో అడివి శేష్‌కు వచ్చింది. కృష్ణ 2022 నవంబరు 15న మరణించాక, ఆయన జయంతి అయిన మే 31న, 2023లో ‘మోసగాళ్ళకు మోసగాడు’ నూతన సాంకేతిక ప్రమాణాలతో మళ్ళీ థియేటర్లకు వచ్చింది. ఈ దీర్ఘాయువుకు మూడు కారణాలు కనిపిస్తాయి.

ఒకటి, ఆహార్యం భాషాతీతమైనది. టోపీ, సూటు, గుర్రం అర్థం కావడానికి ఆంగ్లం రానవసరం లేదు. సికింద్రాబాదులోని సంగీత్, తివోలీ వంటి థియేటర్లలో ఆంగ్ల చిత్రాలు చూసిన ప్రేక్షకుడు మాటను వదిలేసి రూపాన్ని ఇంటికి తీసుకుపోగలడు. బ్రాండో మార్గం తెలుగు తారా నటనలోకి పూర్తిగా రాకపోవడానికి కారణం కూడా ఇదే కావచ్చు. అతని నసుగుడులోని అర్థం ఆంగ్లభాషా పలుకుబడితో ముడిపడి ఉంది. దానిని తెలుగు వాచికంగా పునఃసృష్టించాలి తప్ప ధరించడం కుదరదు.

రెండు, హాలీవుడ్ తారా వ్యవస్థలోని స్థిరవ్యక్తిత్వం మన అభిమాన సంస్కృతికి బాగా ఇమిడింది. ఒకే నటుడు అనేక అవతారాలు ఎత్తినా ఆయనను ఆయనగానే గుర్తించడం పౌరాణిక నాటక ప్రేక్షకునికి అలవాటైన విద్య.

మూడు, వారసత్వం. తండ్రి ధరించిన రూపాన్ని కొడుకు ధరించినప్పుడు ప్రేక్షకునికి గుర్తుకు వచ్చేది ఈస్ట్‌వుడ్ కాదు, కృష్ణ. రెండవ తరానికి మూలం తెలుగులోనే ఉంది. ఒక రూపం దేశీయమయిందనడానికి ఇంతకంటే స్పష్టమైన ఆనవాలు ఉండదు.

8. గొంతు చేసిన తిరుగు ప్రయాణం

2000ల నుండి హాలీవుడ్ భారీ చిత్రాలు తెలుగు అనువాదంతో విరివిగా వస్తున్నాయి. ‘అవెంజర్స్: ఇన్ఫినిటీ వార్’ (2018) తెలుగు రూపంలో థానోస్‌కు రానా గొంతు ఇచ్చారు. ‘అలాద్దీన్’ (2019)లో విల్ స్మిత్ ధరించిన జీనీ పాత్రకు వెంకటేశ్ గొంతు ఇచ్చారు. ‘ముఫాసా: ది లయన్ కింగ్’ (2024)లో ముఫాసాకు మహేశ్‌బాబు గొంతు ఇచ్చారు.

1971లో తండ్రి హాలీవుడ్ ఆహార్యాన్ని తొడుక్కొని తెలుగు వాచికం పలికారు. 2024లో కొడుకు హాలీవుడ్ చిత్రంలోని రూపానికి తెలుగు వాచికం తొడిగారు. దిశ తిరగబడింది గాని సూత్రం మారలేదు. రూపం ఎక్కడినుండి వచ్చినా, అది తెలుగు ప్రేక్షకుని చేరాలంటే తెలుగు నటుని గొంతు కావాలి. హాలీవుడ్ వ్యాపారం కూడా ఈ సత్యాన్ని గుర్తించింది.

9. ఉపసంహారం

పై పరిశీలన నుండి తేలే అంశాలు ఇవి. నాగయ్య – మ్యూనీల మధ్య ఉన్నది సాదృశ్యమే గాని స్వీకారం కాదు. గూఢచారి, కౌబాయ్ రూపాలలో ఆహార్య ఆంగికాల స్వీకారం స్పష్టం. వాచికంలో మాత్రం నిరాకరణ అంతే స్పష్టం. స్వీకరించిన నమూనాలే బహుదేశీయ మిశ్రమాలు కనుక అసలు–నకలు అన్న జంట ఇక్కడ పనికిరాదు.

తెలుగు శాఖలలో సినిమా పరిశోధన ఎక్కువగా పాటల సాహిత్యం చుట్టూ తిరుగుతోంది. పాట అక్షరంగా దొరుకుతుంది, అభినయం దొరకదు. అది నటుని దేహంతో పాటు వెళ్ళిపోతుంది, చిత్రపు ప్రతి శిథిలమైతే మళ్ళీ చూడడానికి కూడా ఉండదు. ‘అనుకరణ’ అన్న ముద్ర పడిన చిత్రాలను భద్రపరచాలన్న ఆలోచన అందరికంటే ఆలస్యంగా వస్తుంది. అందుచేత ఆ ముద్రను పునఃపరిశీలించడం విమర్శకు సంబంధించిన విషయంగా ఆగిపోదు. ఏ చిత్రాలు రేపటి పరిశోధకునికి మిగులుతాయన్నది కూడా దానిపైనే ఆధారపడి ఉంది. భరతుడు ఇచ్చిన నాలుగు పదాలు ఆ పనికి ఇప్పటికీ చాలినంత పదునుగా ఉన్నాయి. నటుని ఏ అంశం ఎక్కడినుండి వచ్చిందో విడదీసి చూపడం వాటితో సాధ్యమవుతుంది. ఆ విశ్లేషణను ఎన్.టి. రామారావు, అక్కినేని నాగేశ్వరరావు, ఎస్.వి. రంగారావు వంటి నటుల వరకు విస్తరించడం ఈ రంగంలో ముందున్న కర్తవ్యం.